గుండెలో అయిదు వేళ్ళు

లీమాలోని ఆ వైద్య కళాశాలలో అనాటమీ శాఖకు ఒక సామాను పుస్తకం ఉంది. అందులో నాలుగు వందల పదిహేడో వస్తువు ఫార్మలిన్ తొట్టి. నాలుగు వందల పందొమ్మిదోది అస్థిపంజరం. ఎడమ కాలి చిటికెన వేలు లేదని పక్కన ఎర్ర సిరాతో రాసి ఉంటుంది. ఈ రెండింటి మధ్య గుమాస్తా గుండ్రటి చేతిరాతలో ఇలా ఉంటుంది: "418. బోధనా పరికరం. ఇనుము. చక్రాలు నాలుగు, బొగ్గు పొయ్యి ఒకటి. నిర్వహణ: సెనోబియా లొబాతోన్."

ఆ బోధనా పరికరం మీద ఇరవయ్యొక్క ఏళ్ళపాటు ప్రతి సాయంత్రం ఎద్దు గుండె ముక్కలు పుల్లలకు గుచ్చి కాల్చి అమ్మారు. ఇది అక్కడ ఎవరికీ రహస్యం కాదు. తనిఖీకి వచ్చిన ప్రతి అధికారీ పరికరం పనితీరును కనీసం మూడు పుల్లలు తిని, స్వయంగా నిర్ధారించుకునే వెళ్ళాడు.

కళాశాల గేటుకు కుడివైపు, గోడ మలుపు తిరిగే చోట, బండి పట్టేంత పేవ్‌మెంటు ఉండేది. అక్కడ మొదట సెనోబియా అమ్మమ్మ అమ్మింది, తర్వాత ఆమె తల్లి పావులా, పావులా మోకాళ్ళు పట్టేశాక సెనోబియా. ఆ కాస్త జాగా కోసం ఆమె పెళ్ళి కూడా వదులుకుంది. కాయావో రేవులో పనిచేసే మనిషి ఒకడు, "నాతో వచ్చెయ్యి, రేవు దగ్గర బండి పెట్టుకుందువు" అన్నాడు. "నువ్వే రా, ఈ మూలకి" అంది సెనోబియా. అతను రాలేదు. ఏడు నెలల తర్వాత ఫిదెలా మాత్రం వచ్చింది. ఆ పిల్లని ఉల్లిపాయల బుట్టలో పడుకోబెట్టి, బండి కిందే పెంచింది.

సెనోబియా మనిషి నల్లగా, పొడుగ్గా, ముంజేతులు రోకళ్ళలా ఉండేది. తలకు తెల్ల గుడ్డ. శిలువ స్వామి ఊరేగింపుల నెల అక్టోబరు వస్తే లీమా అంతా వేసుకున్నట్టే ఆమె కూడా ఊదా అంగీ వేసుకునేది. నెలాఖరుకి ఆ అంగీ పొట్ట దగ్గర మిరప రంగులోకి మారిపోయేది. "స్వామికి ఊదా రంగు ఇష్టమని ఎవరు చెప్పారు? వాసన చూసి ఉంటే ఎరుపే అడిగేవాడు" అనేది.

పొద్దున్న ఆరింటికి వధశాల నుంచి దోన్ ఉబాల్దో గుండెలు తెచ్చి దించేవాడు. ఒక్కోటి రెండు కిలోలకు తగ్గేది కాదు. సెనోబియా ముందు దాని పైకప్పు కోసి తీసేసేది. మీది గదులు రెండూ పల్చటివి, పుల్లకు నిలవవు. పైకప్పు పోతే కింది గదుల తలుపులు కనిపిస్తాయి: తెల్లటి, తడి కాగితంలాంటి రెక్కలు. ఆ రెక్కల మధ్య నుంచి చెంబుతో నీళ్ళు పోసి, రెండు చేతులా ఒక్క పిండు పిండేది. రెక్కలు టప్పున మూసుకునేవి. నీళ్ళు, వాటితోపాటు గడ్డకట్టిన నెత్తురు, పక్కనున్న లావుపాటి గొట్టంలోంచి చిమ్మేవి. ఇది ఆమె తల్లి నేర్పిన కడుగుడు. రోజూ పది గుండెలు, ఏడాదికి మూడు వందల రోజులు. ఆ తలుపులు మూసుకోవడం ఆమె చూసినన్ని సార్లు ఆ ఊళ్ళో ఏ డాక్టరూ చూసి ఉండడు. చూశానన్న సంగతి ఆమెకు తట్టలేదు. ఆమె గిన్నెలోకి వచ్చే నెత్తురు గడ్డల్నే చూసేది.

తర్వాత నిలువుగా ఒక కోత. గుండె మేజోడులా తిరగబడేది. లోపలి గోడల నుంచి కండ వేళ్ళలా లేచి ఉండేది. ఎడమ గదిలో బొటనవేళ్ళంత లావువి రెండు, కుడి గదిలో సన్నవి మూడు. ఒక్కో వేలి కొస నుంచి తెల్లటి తాళ్ళు చీలి, పైన తలుపు రెక్కల అంచులకు అతుక్కుని ఉండేవి.

"చేతికి అయిదు వేళ్ళు, గుండెకీ అయిదు. దేవుడికి వేరే లెక్క రాదు" అనేది సెనోబియా.

ఆ తాళ్ళే ఆమెకు శత్రువులు. ఎంత ఊరబెట్టినా, ఎంత కాల్చినా అవి మెత్తబడవు. పంటి కింద ఒక్క తాడు పడితే ఆ మనిషి మర్నాడు రాడు. అందుకని వేళ్ళతో సహా మొదలంటా కోసి, రెక్కల్ని కూడా గీకేసి, గుండె లోపలిని అద్దంలా చేసేది. కోసిన వేళ్ళు వేరే బేసినులో పడేవి. ఎండు మిరప ముద్ద, జీలకర్ర, వెల్లుల్లి, వెనిగర్‌లో ఊరి, వేళ్ళ పుల్లలుగా కాలేవి. పలక మీద వాటి పేరు ఉండేది కాదు. శవాగారం కాపలావాళ్ళకి, జేబు తేలికైన విద్యార్థులకి, అనాటమీ హాలు బంట్రోతు ఫాకుందోకి మాత్రం తెలుసు.

ఇంకొక నియమం ఉండేది, అది కూడా పావులాదే. రోజుకు తెచ్చిన గుండెల్లో చివరిదాన్ని కొయ్యకూడదు. తడిగుడ్డలో చుట్టి బండి కింద పెట్టాలి. మిగతావన్నీ అమ్ముడైపోయి, ఇంకా మనుషులు నిలబడి ఉంటేనే దానికి కత్తి పెట్టాలి. ముందే కోస్తే మనుషులు రావడం మానేస్తారు. ఎందుకు మానేస్తారని ఫిదెలా ఒకసారి అడిగింది.

"మీ అమ్మమ్మని అడుగు."

"అమ్మమ్మ పోయిందిగా."

"అయితే కొయ్యకు."

ఎనభై మూడో సంవత్సరం అక్టోబరులో నగరపాలక సంస్థ గోడ మీద ఒక కాగితం అంటించింది. వచ్చే సోమవారం లోగా కళాశాల ముందు పేవ్‌మెంటు ఖాళీ చెయ్యాలి. కళాశాల తనకు అవసరమని రాసిచ్చిన వాటికి మాత్రం మినహాయింపు. ఫిదెలా దాన్ని రెండుసార్లు చదివింది. సెనోబియా వింటూనే పుల్లలు తిప్పింది. రెండోసారి విన్నాక ఒక వైపు మాడిపోయాయి. ఆమె చేతిలో పుల్ల మాడటం ఆ మూలన అంతకుముందు ఎవరూ చూడలేదు.

కళాశాల తరఫున రాసివ్వగలిగిన మనిషి ఒక్కడే: అనాటమీ ఆచార్యుడు డాక్టర్ ఇరిగోయెన్. గేటు వైపు భవనం ఆయన శాఖది. సన్నగా, గంజి పెట్టిన తెల్లకోటులో, నడిచే కవరులా ఉండేవాడు. మనం లోపల చదివేదాన్ని వీళ్ళు బయట నములుతున్నారని ప్రతి సమావేశంలో బాధపడేవాడు. సాయంత్రం ఆరింటికి ఫాకుందో ఆపరేషను పళ్ళెం మీద గుడ్డ కప్పుకుని, రెండు పుల్లలు ఆయన గదికి పట్టుకెళ్ళేవాడు. పుల్ల చివర గుచ్చే బంగాళాదుంప ముక్క కాస్త పెద్దది పెట్టమని కబురు కూడా ఉండేది.

సెనోబియా తలగుడ్డ మార్చుకుని ఆయన గదికి వెళ్ళింది.

"కూర్చోమ్మా."

"నిలబడే అలవాటు, డాక్టరుగారూ."

"ఇది విద్యాసంస్థ. మాంసం బండి మాకు అవసరమని నేనెట్లా రాస్తాను?"

"మీరు కాకపోతే ఎవరు రాస్తారు? మా అమ్మ చేతి పుల్ల తిని మీరు డాక్టరయ్యారు."

"తిన్నందుకు అవలేదు. చదివినందుకు అయ్యాను."

"ఎక్కడ చదివారు? ఆ గోడ మీద కూర్చుని, ఒక చేత్తో పుస్తకం, ఒక చేత్తో పుల్ల. ఆ పుస్తకం నిండా నూనె మరకలేనని మా అమ్మ చెప్పేది."

ఆయన దగ్గాడు. కిటికీ బయటకు చూశాడు. తర్వాత, అడగటానికి ఇష్టం లేనివాడు అడిగినట్టు, గురువారం ప్రాక్టికల్ పరీక్ష ఉందనీ, గుండెలు తెచ్చే మనిషి చెయ్యిచ్చాడనీ, పదహారు కావాలనీ చెప్పాడు.

"తాజావి తేగలవా?"

"ఈ ఊళ్ళో నాకు కాక ఇంకెవరికి దొరుకుతాయి?"

"అరెకీపా నుంచి పరీక్షాధికారి వస్తున్నాడు. మాట రాకూడదు. అది సాఫీగా జరిగితే..." బల్ల మీదున్న ఖాళీ దరఖాస్తు కాగితాన్ని వేలితో కాస్త ముందుకు జరిపాడు. "అప్పుడు చూద్దాం."

పరీక్ష ఏ పాఠం మీదో ఆయన చెప్పలేదు. మాంసం అమ్మే మనిషికి చెప్పవలసిన సంగతిగా ఆయనకు తోచలేదు. గుండెలు ఎలా కావాలో ఆమె అడగలేదు; అది కూడా ఒకరిని అడగాలా?

గురువారం పొద్దున్న ఉబాల్దో పదహారు గుండెలు దించాడు. ఒక్కటి కూడా గాటు పడింది కాదు, ఒక్కటి కూడా చిన్నది కాదు. తల్లీ కూతుళ్ళు ఇద్దరూ వీపులు వంచి కూర్చున్నారు. సెనోబియా పదిహేనింటిని తిరగేసి, వేళ్ళు తీసి, తాళ్ళు తీసి, రెక్కలు గీకి, మూడు నీళ్ళతో కడిగి, ఊరిన మాంసం కట్టే దారంతో కోతను తిరిగి కుట్టేసింది. బయటి నుంచి చూస్తే గాటు పడనట్టే ఉన్నాయి.

"అమ్మా, వాళ్ళు తినడానికి అడగలేదేమో" అంది ఫిదెలా.

"తింటారో, పూజ చేసుకుంటారో వాళ్ళిష్టం. తాడు ఉన్న గుండె నా గుమ్మం దాటదు. రేపు ఆ అరెకీపా ఆయన, లీమాలో ఇదేనా శుభ్రం అని అంటే? ఆ కాగితం మీద సంతకం పడుతుందా?"

పదహారోది నియమం ప్రకారం తడిగుడ్డలోకి వెళ్ళింది. పదిహేను చాల్లే, ఒకటి తక్కువైతే లోకం మునగదు అనుకుంది.

పది గంటలకు ఫాకుందో గేటులోంచి పరుగెత్తుకొచ్చాడు. పదహారేళ్ళ ఉద్యోగంలో అతను పరుగెత్తడం అదే మొదలు.

"అక్కా! కొంప ముంచావక్కా! లోపల ఏమీ లేదు!"

"ఏముండాలి?"

"వేళ్ళు! తాళ్ళు! ఇవాళ పరీక్షే వాటి మీద! డాక్టరుగారు దారం కోసి తెరిచి చూస్తే లోపల కడిగిన కుండలా ఉంది. అరెకీపా ఆయన 'ఇది ఏ జంతువు?' అని అడుగుతున్నాడు."

సెనోబియా బోర్లించిన బకెట్టు మీద కూలబడింది.

"నిన్ననే చెప్పొచ్చుగా, సన్నాసీ!"

"నిన్న నువ్వు అడిగావా? ముప్పై ఏళ్ళుగా గుండె కోస్తున్నావు, నీకు చెప్పడమేంటని ఊరుకున్నా."

 గోడ మీది నోటీసు గాలికి ఒక మూల లేచి కొట్టుకుంటోంది. తర్వాత లేచి, వేళ్ళ బేసిను చంకన పెట్టుకుంది. రెండడుగులు వేసి, వెనక్కి వచ్చి, బండి కిందున్న తడిగుడ్డ మూట కూడా తీసుకుంది.

హాల్లో నలభై అయిదు మంది విద్యార్థులు పదిహేను బల్లల చుట్టూ నిలబడి, ఒకరి మొహం ఒకరు చూసుకుంటున్నారు. ఇరిగోయెన్ కోటు మాత్రమే నిటారుగా ఉంది. లోపలి మనిషి వాడిపోయాడు.

"ఇదేంటి?" అన్నాడు బేసిను చూసి.

"వేళ్ళు, డాక్టరుగారూ. డెబ్బై అయిదు. ఒక్కటీ పోలేదు."

"ఇవి ఎర్రగా ఉన్నాయి."

"మిరపకాయ."

"ఈ వాసన..."

"జీలకర్ర, వెల్లుల్లి. వెనిగర్ కూడా వేశాను, చెడిపోవు. మీ తొట్టిలో మందు కన్నా నయం."

వెనక బల్ల దగ్గర ఎవరిదో కడుపు గట్టిగా గుర్రుమంది. నలుగురు నవ్వారు. ఇరిగోయెన్ నవ్వలేదు. జేబులోంచి ఆ దరఖాస్తు కాగితం తీసి, నాలుగు మడతలు పెట్టి, సొరుగులో పడేసి మూశాడు.

"సోమవారం లోపల బండి తీసెయ్యి" అన్నాడు. ఆ తర్వాత విద్యార్థుల వైపు తిరిగి, గుండెలు లేవు కనుక పరీక్ష నోటితోనే జరుగుతుందన్నాడు.

సెనోబియా బేసిను ఎత్తుకుంది. కానీ వెళ్ళలేదు, గుమ్మం దగ్గర నిలబడిపోయింది.

మొదటి ప్రశ్న ముందు బల్ల దగ్గరున్న ఒతీలియా వార్కాయాకి పడింది. కొండ ఊరి పిల్ల, రెండు జడలు. రోజూ సాయంత్రం ఒక్క వేళ్ళ పుల్లతో రాత్రి భోజనం ముగించే పిల్ల.

"పాపిలరీ కండరాల పని ఏమిటి? అదే, ఆ బేసినులో ఉన్నవి."

"జఠరిక సంకోచించినప్పుడు పాపిలరీ కండరాలు కూడా సంకోచించి, స్నాయు రజ్జువులను లాగి, కవాటాన్ని మూస్తాయి, డాక్టర్."

"ఊఁ. తర్వాత."

రెండోవాడూ అదే అన్నాడు. మూడోవాడూ అదే, ఇంకా వేగంగా. ఇరిగోయెన్ తల ఊపుతూ మార్కులు వేస్తున్నాడు. గుమ్మం దగ్గర నుంచి ఒక గొంతు, మాడిపోతున్న పుల్లని చూసినట్టు, ఉండబట్టలేక అంది:

"అయ్యో, కాదు నాయనా."

తలలన్నీ గుమ్మం వైపు తిరిగాయి.

"ఏమన్నావు?" అన్నాడు ఇరిగోయెన్.

"వేళ్ళు తలుపు ముయ్యవు, డాక్టరుగారూ. లోపల ఉన్న నెత్తురే తోసి మూస్తుంది."

"నాకు నువ్వు చెబుతావా?"

"నేనెక్కడ చెబుతాను? అదే చెబుతుంది."

చంకలో మూట ముందు బల్ల మీద దించింది. గుడ్డ విప్పింది. పదహారో గుండె. కత్తి తీసి దాని మీద పెట్టి, ఆగింది. టైము పదిన్నర. ఒక్క పుల్ల అమ్మలేదు. ఇరవై తొమ్మిదేళ్ళలో ఒక్కరోజు కూడా ఆమె చివరి గుండెకు ముందుగా కత్తి పెట్టలేదు. పావులా ఎక్కడో చూస్తూనే ఉంటుంది. అయినా సోమవారం తర్వాత మనుషులు రావడానికి మూల ఎక్కడుంది గనక?

పైకప్పు కోసేసింది.

"ఒక బంగాళాదుంప కావాలి."

ఫాకుందో కోటు జేబులోంచి ఉడికిన దుంప ఒకటి వచ్చింది. ఎందుకుందని ఎవరూ అడగలేదు. సెనోబియా దాన్ని లావుపాటి గొట్టంలో బిరడాలా దిగేసి, ఎడమ గదిలోకి నీళ్ళు పోసి, రెండు చేతులా పిండింది. తెల్లటి రెక్కలు రెండూ పైకి తేలి, అంచులు కలిసి, టప్పున మూసుకున్నాయి. చుక్క బయటికి రాలేదు.

"ఈ ఎద్దు నిన్న చచ్చింది. వేళ్ళకి ప్రాణం లేదు. మరి లాగిందెవరు? ఎవరూ లాగలేదు. నీళ్ళు తోశాయి, మూసుకుంది."

రెక్కల మధ్య నుంచి వంకర కత్తి దింపి, లోపల ఏదో తెంపింది. మళ్ళీ నీళ్ళు పోసింది.

"ఇప్పుడు ఒక వేలి తాళ్ళు తెంపాను. కాస్త పక్కకి జరగండి, డాక్టరుగారూ."

ఆయన జరగలేదు. ఆమె పిండింది. ఒక రెక్క అంచు గాలికి తిరగబడ్డ గొడుగులా పైకి లేచిపోయింది. నీళ్ళు ధారకట్టి ఇరిగోయెన్ గంజి కోటు మీద పడ్డాయి.

"తలుపు మంచిదే. నీళ్ళూ అవే. పట్టుకునేవాడు పోయాడు, అంతే. వేళ్ళ పని ముయ్యడం కాదు. మూసుకున్న తలుపు అవతలి వైపు పోకుండా పట్టుకోవడం."

అరెకీపా పరీక్షాధికారి దగ్గరకు వచ్చి, కళ్ళజోడు పైకి తోసుకుని వంగి చూశాడు.

"అయితే అమ్మా, పట్టుకోవడానికి తాళ్ళు చాలుగా? కండ ఎందుకు?"

సెనోబియా అతన్ని పైనుంచి కిందికి చూసింది. ఇంత చదివి ఇది తెలియదా అన్నట్టు.

"గది ముడుచుకుంటే గోడ తలుపుకు దగ్గరవుతుందా లేదా? దగ్గరైతే తాడు వదులవుతుందా లేదా? ఆ వదులు లాక్కోవద్దూ? గాలిపటం ఎగరేసేవాడు ఊరికే నిలబడతాడా అయ్యా?"

అప్పుడు ఒతీలియా, పొగరుతో కాదు, మార్కుల భయంతో, చెయ్యెత్తింది.

"డాక్టర్, మరి మీ నోట్సులో ముప్పయ్యారో పేజీలో 'కవాటాన్ని మూయు కండరాలు' అని ఉంది. అదే చదివాం."

పరీక్షాధికారి నోట్సు అడిగి తీసుకున్నాడు. చదివాడు. ఇరిగోయెన్‌కి అందించాడు.

"అచ్చుతప్పు" అన్నాడు ఇరిగోయెన్.

"మూడు ముద్రణల్లోనూ?"

ఆ తర్వాత పరీక్ష మళ్ళీ మొదలైంది. బేసిను బల్ల మీదికి ఎక్కింది. నలభై అయిదు మంది వంతులవారీగా ఒక్కో వేలు తీసి, లావు చూసి ఎడమదో, సన్నం చూసి కుడిదో చెప్పి, దాని పని చెప్పారు. ఎవరూ "మూయు" అనలేదు. చేతులు ఎర్రబడ్డాయి. కొందరు నాకారు కూడా. పరీక్షాధికారి చూడనట్టు ఊరుకున్నాడు, ఎందుకంటే ఆయన కూడా నాకాడు.

సాయంత్రం ఇరిగోయెన్ సొరుగులోంచి కాగితం తీసి మడతలు విప్పాడు. ఆయన చెడ్డవాడు కాదు. మనసులో ఏం రాయాలనుకున్నాడో తెలియదు కానీ, కాగితంలో దానికి గడి లేదు. సిబ్బంది అని రాద్దామంటే పట్టా నంబరు అడుగుతోంది. వాహనం అని రాద్దామంటే లైసెన్సు అడుగుతోంది. పరికరం అన్న గడిలో మాత్రం ఏమీ అడగలేదు. పరికరానికి చదువు అక్కర్లేదు. అక్కడ టిక్కు పెట్టి సంతకం చేశాడు.

శుక్రవారం ఫాకుందో ఒక రేకు ముక్క తెచ్చి బండికి మేకులు కొట్టాడు.

"ఎంత నంబరు ఇచ్చార్రా నాకు?"

"నీకు కాదక్కా, బండికి. పుస్తకంలో ఖాళీగా ఉన్నది ఒక్కటే, నాలుగు వందల పద్ధెనిమిది."

"పుస్తకంలో పక్కన ఎవరు?"

"ఒక పక్క తొట్టి. ఇంకో పక్క అస్థిపంజరం."

"మంచి పొరుగే. రుచి బాలేదని అనదు."

చివరి గుండె ముందే కోసింది కదా, మనుషులు రారని ఆ గురువారం సాయంత్రం ఆమె భయపడుతూనే బొగ్గు రాజేసింది. విద్యార్థులు గోడ చివరిదాకా నిలబడ్డారు. హాల్లోంచి తిరిగొచ్చిన గుండెల పుల్లలు ఏడింటికే అయిపోయాయి. మర్నాడు పొద్దున్న సెనోబియా చివరి గుండెను ఎప్పటిలాగే తడిగుడ్డలో చుట్టి పెట్టింది.

"ఇంకా ఎందుకే?" అన్నాడు ఉబాల్దో.

"ఒక్కసారికి మా అమ్మ ఊరుకుంది. రెండోసారికి ఊరుకోదు."

నోట్సు నాలుగో ముద్రణలో ముప్పయ్యారో పేజీ మారింది. కృతజ్ఞతలు చెప్పిన పేజీ మారలేదు. అయితే ఏటా అక్టోబరులో పరీక్షకు ముందు, 418వ పరికరాన్ని నిర్వహించు వ్యక్తిని హాలుకు పిలిచేవారు. ఒక గుండె, ఒక చెంబు నీళ్ళు, ఒక దుంప. ఇరిగోయెన్ ముందు వరసలో, వాన కోటు వేసుకుని కూర్చునేవాడు. ఆయన రిటైరైన రోజున పళ్ళెం లేకుండా, గుడ్డ లేకుండా, అందరి ముందూ గోడ మీద కూర్చుని రెండు పుల్లలు తిన్నాడు. అప్పుడు కూడా దుంప చిన్నదయిందన్నాడు.

సెనోబియాకు డెబ్బై మూడో ఏట ఛాతీలో నొప్పి వచ్చింది. పొగ అంది. రెండో రోజు పుల్ల అందివ్వడానికి చెయ్యి లేవలేదు. మూడో రోజు ఊపిరి అందలేదు. ఫిదెలా ఆమెను వేరెక్కడికీ కాదు, గేటు లోపలికే తీసుకెళ్ళింది. అప్పటికి అనాటమీ శాఖ పెద్ద ఒతీలియా వార్కాయా. జడలు రెండూ ఒక నెరిసిన ముడి అయ్యాయి. ఆమె స్టెతస్కోపు పెట్టింది. విన్నది. ఇంకో చోట పెట్టి మళ్ళీ విన్నది. పక్క ఆసుపత్రికి ఫోను చేసి, ఆపరేషను హాలు సిద్ధం చెయ్యమంది.

"ఏది తెగింది, డాక్టరమ్మా?" అంది సెనోబియా. "తాడా, వేలా?"

"మాట్లాడకమ్మా. ఊపిరి దాచుకో."

"పరీక్ష పెడుతున్నా. చెప్పు."

ఒతీలియా ఆమె చెయ్యి పట్టుకుంది. "వేలు. ఎడమ గదిలో వెనకది."

"ముందుది బానే ఉందా?"

"బానే ఉందమ్మా. దానికి రెండు నాళాలు నెత్తురు ఇస్తాయి. వెనకదానికి చాలామందికి ఒక్కటే. అది మూసుకుపోయింది."

"ఒక్క చుట్టాన్నే నమ్ముకుంటే ఇంతే మరి." కాసేపు ఊపిరి కోసం ఆగింది. "అయితే తలుపు మేడ మీదికి పోతోందన్నమాట."

"అవునమ్మా."

"నువ్వు పాసు."

ఆపరేషను హాలు సిద్ధం చేశారు. మంచం వరండాలో సగం దారిలో ఉండగా ఆమె పోయింది. ఫిదెలా మంచం పట్టుకుని నడుస్తోంది. కొన్ని అడుగుల వరకు ఆమెకు తెలియలేదు. చెయ్యి వెచ్చగానే ఉంది, బొగ్గు దగ్గర ఉండే చెయ్యి కదా.

తొమ్మిది రోజుల ప్రార్థనలు అయిన మర్నాడు, సామాను గుమాస్తా పుస్తకం పట్టుకుని బండి దగ్గరకు వచ్చాడు. కొత్తవాడు, నియమాలు తెలిసినవాడు. నిర్వహించే మనిషి లేని పరికరాన్ని పుస్తకంలోంచి కొట్టెయ్యాలి. కొట్టేసిన పరికరం పేవ్‌మెంటు మీద ఉండకూడదు. సోమవారంలోగా బండి తీసెయ్యాలి. ఇరవయ్యొక్క ఏళ్ళయినా ఆ ఊళ్ళో అన్నీ సోమవారమే జరుగుతాయి.

ఫిదెలా బొగ్గు విసురుతూనే ఉంది. ఊదా అంగీ వేసుకుని ఉంది, తల్లిదే, పొట్ట దగ్గర మరకలతో సహా. ఫాకుందో గేటులోంచి ఒతీలియాని పిలుచుకొచ్చాడు. ఈసారి పరుగెత్తలేదు, కాళ్ళలో మునుపటి సత్తువ లేదు, అయినా తొందరగానే తెచ్చాడు.

"పరికరం పని చేస్తోందా?" అని అడిగింది ఒతీలియా.

"అది నేను చెప్పలేను మేడమ్. తనిఖీ చెయ్యాలి."

ఫిదెలా మొక్కజొన్న పొత్తి ఆకుల కుంచెతో నూనె పూసి, రెండు పుల్లలు తిప్పి, పళ్ళెంలో పెట్టి అతనికి ఇచ్చింది. అతను నిలబడి తిన్నాడు. ఒక్క తాడు తగల్లేదు. మూడోది తనే అడిగాడు.

ఒతీలియా పుస్తకం తీసుకుని బండి అంచు మీద పెట్టి, నాలుగు వందల పద్ధెనిమిది ఎదురుగా రాసింది: "పనిచేయుచున్నది. నిర్వహణ: ఫిదెలా లొబాతోన్."

గుమాస్తా మూతి తుడుచుకుని పుస్తకంలోకి వంగి చూశాడు.

"పైన పాత పేరు అలాగే ఉంది మేడమ్. కొట్టెయ్యాలి కదా?"

"ఎందుకు? గడిలో ఇద్దరికీ చోటుంది."

అతనికి ఇద్దరు ఉండకూడదన్న నియమం ఏదీ గుర్తుకు రాలేదు. పుస్తకం మూసి చంకలో పెట్టుకుని వెళ్ళిపోయాడు. గోడ పక్కన అప్పటికే ఆరుగురు నిలబడి ఉన్నారు. ఫిదెలా వంగి, బండి కింద తడిగుడ్డ మూట ఉందో లేదో ఒకసారి తడిమి చూసుకుని, మొదటి మనిషి వైపు తిరిగింది.